గొట్టం కొసన

బయట పుంటా అరేనాస్ వీధుల్లో గాలి
మనుషుల్ని కాగితాల్లా తోసేస్తోంది.
మలుపుల్లో మునిసిపాలిటీ వాళ్ళు తాళ్ళు కట్టారు,
పట్టుకుని నడవమని.
లోపల, ఏడో మంచం దగ్గర, నేను
గాలిని మిల్లీలీటర్లలో కొలుస్తున్నాను.
నాలుగు వందల ఇరవై. నిమిషానికి పద్దెనిమిది సార్లు.

ఎలియుతేరియో బర్రియా. అరవై ఒకటి.
మెగెల్లాన్ జలసంధి అడుగున ఆల్చిప్పలు ఏరిన మనిషి.
ముప్పై ఏళ్ళు, పడవ మీది కంప్రెసర్
రబ్బరు గొట్టంలోంచి పంపిన ఊపిరే పీల్చాడు.
ఆ గొట్టమూ, నడుముకి కట్టిన తాడూ
పైన ఒతీలియా చేతిలో.
తాడు ఒకసారి గుంజితే ఆగు. రెండుసార్లు గుంజితే రా.

ఇప్పుడామె మంచం పక్కన నిలబడి
వెంటిలేటర్‌ని ఎగాదిగా చూసింది,
ఎప్పుడో తెలిసిన మనిషిని చూసినట్టు.
"బతుకుతాడా" అనలేదు.
"ఇది తోస్తోందా, ఈయన లాగుతున్నాడా?" అంది.

పదకొండేళ్ళ ఉద్యోగంలో నన్నెవరూ
ఇంత సరిగ్గా అడగలేదు.

చెప్పాను:
మొదటి ఐదు రోజులూ అంతా యంత్రానిదే.
లెక్క దానిది, వేళ దానిది.
ఈయన ఛాతీ అద్దెకిచ్చిన ఇల్లు.
నిన్నటినుంచి ఈయన కొంచెం కదిలిస్తే చాలు,
అది అందుకుని మిగతాది నింపుతోంది.
ఈయన మరిచిపోతే తనే గుర్తుపెట్టుకుని ఇస్తోంది.
ఇవాళ ఆ గుర్తుపెట్టుకోవడం తగ్గిస్తాను.
పీల్చడం ఈయనదే. వెనకాల కాస్త ఒత్తిడి, పది.
బయట వీధిలో తాడులాంటిది.
అది నడవదు. పట్టుకోనిస్తుంది.

ఆమె గొట్టాన్ని రెండు వేళ్ళ మధ్య పట్టుకుంది.
వద్దనాలి. అనలేదు.

తెర మీద పచ్చగీత
పొట్టిగా, వంకరగా, అలిసిపోయి.
అయినా అది ఆయన దస్తూరీ.

మధ్యాహ్నం ఒత్తిడి ఐదుకి దించాను. అరగంట పరీక్ష.
పంతొమ్మిదో నిమిషంలో
మెడ నరాలు మోకుల్లా లేచాయి,
ఊపిరి ముప్పై ఎనిమిదికి ఎగబాకింది,
కనుబొమల మీద చెమట.
అలారం అరవకముందే నా వేలు కదిలింది. మళ్ళీ పది.

క్షమించమందామని తిరిగాను.

"ఒక్క ఊపున పైకి రాకూడదమ్మా," అంది.
"మా మరిది అలా వచ్చే కాళ్ళు పోగొట్టుకున్నాడు.
మధ్యలో ఆగాలి. నీళ్ళలో వేలాడుతూ,
చలికి పళ్ళు కొరుక్కుంటూ ఆగాలి.
కష్టం పడవలో ఉన్నవాళ్ళకే.
లాగెయ్యబుద్ధేస్తుంది."

రాత్రి చార్టులో రాశాను: ప్రయత్నం విఫలం.
కొట్టేశాను.
ఇంకేం రాయాలో, ఆ గడిలో అంత చోటు లేదు.

కోటు తొడుక్కుంటూ అద్దంలోంచి చూస్తే
ఒతీలియా ఆయన చిటికెన వేలు పట్టుకుని
ఒకసారి గుంజింది.

ఒక్కసారే.