ఏటంటే

గునుపూరులో మా ఉపన్యాసాల సంఘానికి
సొంత గది లేదు.
ఎరువుల కొట్టు మీద మేడగది.
యూరియా వాసనకి ముక్కు అలవాటుపడ్డాకే
ఎవరికైనా నోట మాటొస్తుంది.
గురువారం రాత్రి ఏడున్నరకి
పదకొండు మందిమి, పన్నెండు కుర్చీలు.
పన్నెండోదానికి ఒక కాలు లేదు,
ముఖ్య అతిథికని అట్టేపెట్టాం.
ఆయన ఎప్పుడూ రాడు, తెలివైనవాడు.

టైము చూసేది బొమ్మాళి సింహాద్రి గారు.
నౌపడ నుంచి మా ఊరిదాకా నడిచిన చిన్న రైలుకి
ఇరవయ్యారేళ్లు గార్డు చేసి దిగిపోయిన మనిషి.
జెండాలు మాత్రం దించలేదు.
పచ్చది ఊపితే మొదలెట్టాలి,
ఎర్రది చూపితే వాక్యం ఎక్కడుంటే అక్కడే ఆగాలి,
క్రియ రాకపోయినా సరే.
పోయిన నెల పాత్రో మేష్టారు
"మా తాతగారు ఆ పులిని..." అన్నారు.
ఎర్రజెండా.
తాత ఆ పులిని ఏం చేశాడో ఈరోజుకీ తెలీదు.
మేష్టారు పుట్టారు గనక
తాతకేం కాలేదని సర్దుకున్నాం.

మాట తడబడితే లెక్కపెట్టేది మినతి సాహు గారు.
ఒళ్లో వేయించిన వేరుశనగల సంచి,
ముందు స్టీలు గ్లాసు.
"అంటే" అన్నావా, ఒక గింజ. టింగు.
"మరేమో"కి ఒక గింజ. టింగు.
"ఏటంటే"కి రెండు, అది పొడుగు కదా.
ఒడియావాళ్ల "మానే"కీ అదే రేటు.

ఆ మానే దగ్గరే ఓసారి చిక్కొచ్చింది.
టెక్కలి నుంచి కొత్తగా వచ్చిన సనపల గవరయ్య
లేచి గొంతు సవరించుకున్నాడు.
వెనకనుంచి బనమాలి బాబు, అర్థం కాక,
"మానే?" అన్నాడు.
గవరయ్య మొహం వాడిపోయింది.
"అప్పుడే మానెయ్యమంటారేటండీ,
ఇంకా దండమే పెట్టలేదు!"

మీటింగయ్యాక గ్లాసులో గింజలన్నీ
మురీల్లో కలుపుతాం.
ఉల్లిపాయ, పచ్చిమిరప, ఆవనూనె చుక్క.
ఎంత తడబాటుకి అంత రుచి.
నేను బియ్యం మిల్లులో బస్తాల లెక్క రాస్తాను,
అంకెలు తప్పను గానీ మాటలు తప్పుతాను.
నేను మాట్లాడిన రోజు గ్లాసు పొంగి
గింజలు నేల మీద దొర్లేవి.
"తమ్ముడూ, నువ్వు ప్రతి వారం మాటాడాలి"
అని అందరూ భుజం తట్టేవారు.
ప్రోత్సాహం అనుకున్నాను.

పట్టుదలొచ్చింది.
మూడు నెలలు తెల్లారగట్ల
వంశధార ఒడ్డున గేదెలకి ఉపన్యసించాను.
నా మాటలు ఇంతవరకు
నెమరేసుకున్నది అవొక్కటే.

మొన్న గురువారం. "నా మొదటి సైకిలు".
ఏడు నిమిషాలు.
ఒక్క అంటే లేదు, మరేమో లేదు,
చివరి వాక్యం క్రియతో సహా
ప్లాట్‌ఫారం మీదకొచ్చి ఆగింది.
సింహాద్రి గారి ఎర్రజెండా
చుట్టింది చుట్టినట్టే ఉండిపోయింది.

చప్పట్లు కొట్టారు. కొట్టి,
పదకొండు మందిమీ గ్లాసులోకి చూశాం.
అడుగున వట్టి స్టీలు,
అందులో మా మొహాలే.
మురీలు నములుతుంటే
ఎవరో కంకర మీద నడుస్తున్నట్టు చప్పుడు.
"చాలా బాగా మాట్లాడారు" అని
మినతి గారు నిట్టూర్చి,
నిండు సంచి మూతి ముడేశారు.

నాకే ఏదోలా అనిపించింది.
టీ గ్లాసు కింద పెట్టి లేచాను.
"ఒక్క సంగతి చెప్పడం మర్చిపోయానండీ" అన్నాను.
"ఏటంటే..."

టింగు. టింగు.

ముడి ఎప్పుడు విప్పారో మరి.
పాత్రో మేష్టారు ఉల్లిపాయలకి కత్తి వెతుకుతున్నారు.
"అంటే, మరేమో, ఆ సైకిలుకి, ఏటంటే..."

సింహాద్రి గారు నిలబడి
పచ్చజెండా ఊపారు.