అభినందనలు

క్లైపెడా ఓడరేవు క్రేన్లను
అక్టోబరు పొగమంచు నడుందాకా మింగేసిన పొద్దున
విటేనిస్ గారు ఫోన్ చేశారు:
"ఉగ్నే, ఒకసారి రా. నా కంప్యూటర్ నోరు మూతపడటం లేదు."

శవపేటికల కొట్టు ఆయనది.
అద్దాల వెనక మూడు పేటికలు. ఓక్, పైన్,
మూడోది చిన్నది.
దాని వైపు చూడకుండా లోపలికి నడవడం నాకు అలవాటే.

నిన్న మధ్యాహ్నం
చేపల ఫ్యాక్టరీలో పనిచేసే ఒకావిడ
భర్త సమాధి రాయి మీద ఏం చెక్కాలో చెబుతూ
తెర వైపు వంగిందట.
కుడి మూల నుంచి చటుక్కున లేచింది పెట్టె:
"అభినందనలు! పది లక్షలవ అదృష్టవంతులు మీరే!"
రంగు కాగితాలు జలజలా రాలాయట, డప్పుల మోతతో సహా.
ఆమె ఏడవలేదు. తిట్టలేదు.
చేతిసంచి భుజాన వేసుకుని
రేపొస్తానంది.

కూర్చున్నాను.
మూసినకొద్దీ మొలుస్తున్నారు పిలవని పేరంటాళ్లు.
ఒకతె బరువు తగ్గమంటుంది,
ఒకతె వైరస్ వైరస్ అని గుండెలు బాదుకుంటుంది,
ఒకతె మీ వీధిలోనే ఒంటరిగా ఉన్నానంటుంది.

ముందు బ్రౌజర్‌లో నోటిఫికేషన్లు తెరిచాను.
ఎప్పుడో దేనికో "అనుమతించు" అని తలూపిన పాపానికి
పదిహేడు సైట్లు చాపలు పరుచుకుని కూర్చున్నాయి.
ఒక్కొక్కదాన్నీ లేపి పంపాను.
ఎక్స్‌టెన్షన్లలో కూపన్లు ఏరుకొచ్చే కుక్కపిల్ల బొమ్మ. తీసేశాను.
దానికాయన పేరు కూడా పెట్టుకున్నారని తర్వాత తెలిసింది.

కంట్రోల్ ప్యానెల్. ప్రోగ్రాములన్నీ తేదీల వరసలో పేర్చాను.
సెప్టెంబరు తొమ్మిది.
ఒకే నిమిషంలో పుట్టిన ఐదు పేర్లు,
ఒక్కదానికీ తల్లిదండ్రుల ఊసు లేదు.

"ఆ రోజు ఏం దించుకున్నారు?"
ఆయన చెవులు ఎర్రబడ్డాయి.
ఫాంటు. రాళ్ల మీద చెక్కడానికి.
మా భాషలో ఒక ఏకారం నెత్తిన చుక్క పెట్టుకుంటుంది.
పాత ఫాంటులో ఆ చుక్క లేదు.
చుక్క లేకపోతే పేరు ఆ మనిషిది కాదన్నారాయన.
కొంటే నలభై యూరోలు. ఇది ఊరికే దొరికింది.
"తరువాత అని ఉంది, నొక్కాను.
మళ్లీ తరువాత అనే ఉంది. నొక్కాను.
ఏడెనిమిది సార్లు."

ఆ మాట మా ఇద్దరి మధ్యా కాసేపు నిలబడింది.
ఆ కొట్టుకి వచ్చేవాళ్లు
నోరు తెరిచినా తెరవకపోయినా అడిగేది అదొక్కటే కదా:
తరువాత?

ఐదింటినీ పీకేశాను. రీస్టార్ట్ కొట్టాను.
రై రొట్టె మీద ఉప్పుచేప ముక్క పెట్టిచ్చారు.
ఇంకా నములుతుండగానే
"అభినందనలు!"
డప్పులు.

తీగ తెంపాను గానీ డొంక కదల్లేదు.
టాస్క్ షెడ్యూలర్‌లో దొరికింది చివరికి,
ఇరవై నిమిషాలకోసారి చచ్చినవాళ్లని లేపే చిన్న ఆజ్ఞ,
అప్‌డేట్ అని పెద్దమనిషి పేరు తగిలించుకుని.
వేలు డిలీట్ మీద పెట్టాను.

"ఆగు" అన్నారు విటేనిస్ గారు.
గడ్డం గోక్కున్నారు.
"ముప్ఫై ఒక్క ఏళ్లు, ఉగ్నే.
ఈ గదిలో ఆ మాట ఎవరూ అనలేదు.
అబద్ధమని తెలుసు. అయినా
లైటు ఆర్పే ముందు ఒకసారి కూర్చుని వినేవాణ్ని."

ఏమనాలి?
ఇవాళ ఆవిడ మళ్లీ వస్తుంది.
నొక్కాను.

తెర మీద ఏమీ లేదు. లోపల ఫ్యాన్ తిరుగుతోంది, అంతే.
ఫాంటుని మాత్రం ఉంచాను.
స్కాన్ చేసి చూశాను, దాని తప్పేం లేదు,
దాన్ని గాలానికి గుచ్చినవాళ్లదే.

కోటు వేసుకుంటుంటే తలుపు గంట మోగింది.
తడిసిన స్కార్ఫు, అదే చేతిసంచి.
ఆయన తెరను ఆమె వైపు తిప్పి
రెండు వేళ్లతో నెమ్మదిగా కొట్టారు:
రిమ్విదాస్ యుర్గేలా.
చుక్క వచ్చి తన చోట కూర్చుంది.

దుమ్మనుకుందేమో,
ఆమె బొటనవేలితో దాన్ని ఒకసారి తుడిచి చూసింది.
పోలేదు.