చిల్లర పడితేనే కదిలే లిఫ్టు

నుత్సుబిద్జె గుట్ట మీద పదహారంతస్తుల బ్లాకులో
రెండో గుమ్మం లిఫ్టు నా ఖాతాలోది.
తిబిలీసీలో చాలా లిఫ్టుల్లాగే
ఇదీ చిల్లర పడందే కదలదు.
ఇనప డబ్బీ, సన్నటి నోరు.
పది తెత్రీలు వేస్తే ఎనిమిదో అంతస్తు,
ఇరవై వేస్తే పైకప్పు, అక్కడి పావురాలు.

పాత కోపెక్కు వేస్తే ఏమవుతుందో
తొమ్మిదేళ్ల కిందట ఓ రాత్రి
చీకట్లో జేబు తడుముకుని తెలుసుకున్నాను.
డెబ్బై ఎనిమిది అచ్చు, ఐదు కోపెక్కులు.
తలుపు తెరుచుకుంటే గోడలకింకా పచ్చి సున్నం వాసన.
కొత్త పరుపు మోసుకొస్తున్న ఒకావిడ
"పక్కకి జరుగు బాబూ" అంది.
జరిగాను. ఇంకేం చేస్తాను?

బొమ్మ అరిగిపోయిన నాణెం వేస్తే
కాలం కాదు, లోకమే మారుతుంది.
అక్కడ ఈ బ్లాకు కట్టనేలేదు.
ద్రాక్షతోట నడుమ లిఫ్టొక్కటే
దారితప్పిన బీరువాలా నిలబడింది.
మేకొకటి వచ్చి గుండీలు వాసన చూసింది.
ఆరో నంబరు మీద పంటిగాటు ఇప్పటికీ ఉంది,
ఇన్‌స్పెక్టరు జుంబర్ దాన్ని
పిల్లల పని అని రాసుకుపోయాడు.

ఎనిమిదో అంతస్తు లామారా పళ్ల డాక్టరు,
ఎవరి నోరైనా తెరిపించగలదు.
నా దవడపన్ను పీకుతూ ఈ సంగతీ పీకింది.
"తొంభైనాలుగు జనవరికి తీసుకెళ్లు" అంది.
పత్తి ఉమ్మేసి చెప్పాను:
ఆ ఏటికి నాణెం లేదమ్మా.
అప్పుడంతా కూపన్లు. కాగితం.
రొట్టెకి లక్షలు లెక్కపెట్టిన కాగితం
ఈ సన్నటి నోట్లో పట్టదు.
నేలచెక్కలు పెరికి పొయ్యిలో పెట్టుకున్న ఆ ఏళ్లని
యంత్రం దాటేసి పోతుంది
విరిగిన మెట్టుని మనం దాటినట్టు.

ఆమె గ్లవుజులు విప్పి కూర్చుంది.
ఆ జనవరిలో ఒక రాత్రి కరెంటు పోతే
ఏడుకీ ఎనిమిదికీ మధ్య ఇరుక్కున్నాడట
పదకొండో అంతస్తు ఒతియా.
తనకి పందొమ్మిదేళ్లు.
తలుపు సందులోంచి కొవ్వొత్తి అందించి,
సగం రొట్టె అందించి,
రాత్రంతా గచ్చు మీద కూర్చుని మాట్లాడింది.
తెల్లారగట్ల వాడడిగాడు:
"వెలుగొస్తే ముందు ఏం చేస్తావ్?"
ఆలోచిస్తూ ఉండగానే వెలుగొచ్చింది.
లిఫ్టు కిందికి పోయింది.
వారానికల్లా వాళ్లు ఇల్లు ఖాళీ చేసి
బతూమీలో ఓడెక్కారని విన్నదట.

"ప్రేమా గీమా ఏం లేదు," అంది లామారా.
"ఒక జవాబు బాకీ పడ్డాను."

పన్ను పోయిన గుంతని నాలుకతో తడుముకుంటూ
మూడు రాత్రులు పడుకోలేదు.
నాలుగో రాత్రి తట్టింది, నా మొద్దుబుర్రకి:
కదలడానికే కదా చిల్లర కావాలి,
ఆగడానికి దేనికి?

ఆమెని ఎనిమిదో అంతస్తు గచ్చు మీద కూర్చోబెట్టాను.
నేను పైన మోటారు గదిలో.
ఖాళీ లిఫ్టు ఏడు దాటింది,
ఎనిమిది రాకముందే మెయిన్ లాగేశాను.

చీకటి.
కింద నర్గీజా పుచ్చకాయల సంచీతో నిలబడి
నా వంశాన్నంతా తిట్టడం మొదలెట్టింది.
ఆ తిట్ల కిందనుంచి, తీగల కన్నంలోంచి
లామారా గొంతు వచ్చింది,
పళ్ల డాక్టరు గొంతు కాదు:
"జుట్టు ఆరబెట్టుకుంటాను.
మూడు చలికాలాలు తడి తలతోనే పడుకున్నాను.
ముందు జుట్టు ఆరబెట్టుకుంటాను, ఒతియా."

తర్వాత, తీగలు కిర్రుమన్నాయో
చలికి పళ్లు కొట్టుకుంటూ ఓ కుర్రాడు నవ్వాడో
ప్రమాణం చేసి చెప్పలేను.

నలభై నిమిషాలకి మెయిన్ వేశాను.
లిఫ్టు కిందికి దిగింది.
నేల మీద మైనం, వేలు పెడితే ఇంకా మెత్తగా.
పక్కన రొట్టె పొడి.

రిజిస్టరులో రాశాను: రెండో గుమ్మం, కరెంటు లోపం.
మైనం గీకలేదు.
జుంబర్ అడిగితే
పిల్లల పని అంటాను.