చెల్లించినవారు

జపాన్ కథల్లయితే
ఇద్దరి చేతులు ఒకేసారి ఒక పుస్తకం మీద పడ్తయి.
కిటికీ అవతల మంచు కురుస్తుంటది,
లేకుంటే చెర్రీ పూలు రాల్తుంటయి.
నూట ఎనభై పేజీల దాంక ఎవ్వరూ ఏమనరు.

మా హన్మకొండ లైబ్రరీల
కిటికీ అవతల జనరేటరుంటది,
దాని మీద వాచ్‌మన్ ఆరేసిన లుంగీ.
ఒక పుస్తకం మీద రెండు చేతులు పడ్డయంటే
అది గ్రూప్-టూ ఎకానమీ. ఉన్నయే రెండు కాపీలు.
చెయ్యి తీసుడు ఎవ్వరికీ తెల్వదు.

మొగిలి నాకట్లనే దొర్కిండు.
తను తియ్యలే. నేను తియ్యలే.
ఆఖరికి నడుమల పెట్టుకొని చదివినం.
నాది నిదానపు చదువు.
తను పేజీ అంచుకు బొటనేలు ఆనిచ్చి
నా కండ్లు కిందికొచ్చేదాంక ఆగేటోడు.

ఏడు నెలలు.
మాట్లాడినయి చెప్పాల్నంటే:
పెన్నుందా.
కరెంటు ఎప్పుడొస్తదో.
నర్సంపేట బస్సు పోయిందా.
ఒక దినం సకినం ముక్క కాయితం మీద పెట్టి జరిపిన.
అది కొరికిన సప్పుడుకు హాలంత తలెత్తి చూసింది.
పాపం, చెవులు ఎర్రగైనయి.

తలుపు పక్క రాక్‌ల, చెదలు సగం తిన్న
ఆ జపాన్ కథల తెలుగు పుస్తకం
ముందు నేనే ఇంటికి తీస్కపోయిన.
నచ్చిన కాడ పెన్సిల్‌తోని చిన్న చుక్క పెట్టిన.
నేను వాపసిచ్చిన తెల్లారి మొగిలి తీస్కున్నడు.
తారీకుల చీటీ మీద నా ముద్ర కింద తన ముద్ర,
కొంచెం వంకరగ.

అంతల ఏటూరునాగారంల ఉద్యోగమొచ్చింది.
చెప్పలే. నా ఎదురుంగ కుర్చీల
వేరే ఎవరో వచ్చి కూసున్నరు, కాలు ఊపుతరు.

ఎండకాలం పోయినంక పుస్తకమొచ్చింది,
బస్సు కండక్టర్ చేత, న్యూస్ పేపర్ చుట్టి.
జరిమానా డెబ్బై ఆరు రూపాయలు.
ఐలయ్య సార్ గొణుగుతుంటె నేను పైసలు తీసిన.
అద్దాల మీదికెల్లి చూసిండు:
"ఆ పిలగాడు నీకేమైతడు బిడ్డా?"

అత్త కొడుకు అనొచ్చు. దోస్తు అనొచ్చు.
"మాది ఒకటే టేబుల్ సార్" అన్న.

రసీదు రాసిండు.
తీసుకున్నవారు: మొగిలి.
చెల్లించినవారు: స్వరూప.
కార్బన్ కాయితం కింద ఇంకోసారి, నీలంగ.

మెట్ల మీద కూసొని ఒక్కో పేజీ తిప్పిన.
నా ప్రతి చుక్క పక్కన ఇంకో చుక్క.
ఆఖరి పేజీల మాత్రం
నేనేం పెట్టని కాడ, ఒక్కటే.

బ్యాగంత దేవులాడిన.
పెన్సిల్ మొన ఇరిగి ఉన్నది.