ఇరవై నాలుగు బొమ్మలు

గుణుపురంలో మా టాకీసుకి గోడలు మూడే.
నాలుగోది వంశధార గాలి.
నేను ఆపరేటర్ని. పేరెందుకు లెండి,
వెలుగు వెనకాల నిలబడేవాడికి.

మీరంతా గారాబు అని పిలుచుకున్నవాడు
మాకు కుమ్మరి దాలయ్య కొడుకు గారయ్య.
మంగళవారం సంతకి
తల మీద మూడు కుండలు, ఒకదాని మీదొకటి,
మెడ కదలదు, చూపు కదలదు,
మోకాళ్ల కింద మాత్రం భూకంపం.
ఆ నడకనే తర్వాత బొంబాయి కొనుక్కుంది.
దేశమంతా పెళ్లి ఊరేగింపుల్లో
పెళ్లికొడుకుల బాబాయిలు అలా నడవబోయి
కాళ్లు బెణికించుకున్నారు.
పేపరువాళ్లొచ్చి అడిగితే దాలయ్య
చక్రం ఆపకుండానే అన్నాడు:
"ఆడి నెత్తిమీద ఒక్క కుండా పగల్లేదు బాబూ,
అది రాసుకోండి."
వాళ్లు రాయలేదు.

మా హాల్లో నవ్వు మూడు విడతలుగా వచ్చేది.
ముందు సవరలు,
కొండ దిగి చింతపండు అమ్ముకుని నేలటిక్కెట్టు కొన్నవాళ్లు.
మాట తెలీదు గనక
గారాబు ఎడమ కనుబొమ్మ లేవగానే నవ్వేసేవారు.
తర్వాత తెలుగువాళ్లం, మాట పూర్తయ్యాక.
ఆఖర్న ఒడియా గుమస్తాలు,
పక్కవాడు చెవిలో చెప్పాక.
కార్బన్ కడ్డీ చిటపటలాడేది,
అదీ నవ్వుతోందనే అనుకునేవాణ్ణి.

దాలయ్య పోయినప్పుడు
నౌపడా నుంచి చిన్నబండిలో వచ్చాడు.
బండికన్నా ముందే కబురొచ్చింది.
ఏటి ఒడ్డున సంతకన్నా ఎక్కువ జనం.
ముసలాయన ఆఖరి ఆవంలో కాల్చిన కుండ,
అందులో నిప్పు,
పట్టుకుని ముందు నడుస్తున్నాడు.
ఇసకలోకి దిగేచోట కాలు జారింది.

కుండ పగిలింది.

ముందు సవరలు.
తర్వాత మేము.
ఆఖర్న ఒడియావాళ్లు.
నేనూ నవ్వాను.
నోటికి చెయ్యి అడ్డం పెట్టేలోగా అయిపోయింది.

వాడు లేచాడు.
మా వైపు తిరిగాడు.
ఎడమ కనుబొమ్మ ఎత్తాడు.
అలవాటో, దయో, తిట్టో,
నలభై ఏళ్లుగా నాకు తేలలేదు.
తర్వాత వంగి
పెద్ద పెంకు ఒకటి వెతుక్కుని
వేళ్లతోనే నిప్పులు ఏరుకున్నాడు.
అప్పుడు ఏరు వినిపించింది.

రెండేళ్లకి సినిమా వచ్చింది.
పెళ్లివారింటికి పాలకుండ.
అదే నడక, అదే జారడం,
అదే లేవడం, అదే కనుబొమ్మ.
దేశం పొట్ట పట్టుకుని దొర్లింది.
సీను వాడే పట్టుబట్టి పెట్టించుకున్నాడట.

మొదటాటకి ముందు రాత్రి
బల్ల మీద రీలు విప్పి
గడ్డంగీసుకునే బ్లేడుతో కోశాను.
ఒక్క సెకను. ఇరవై నాలుగు బొమ్మలు.
రెండు కొసలూ అతికించి పడుకున్నాను.
అందుకే మా ఊళ్లో మాత్రం
పాలకుండతో నడిచేవాడు
ఉన్నట్టుండి తడిసి నిలబడి ఉంటాడు.
"రీలు మింగేసినాడ్రోయ్!"
విజిళ్లు, చెప్పులు.
ఓనరు బిసోయిబాబు మూడ్రోజుల జీతం కోశాడు.
నేలలో కూర్చున్న సవర ముసిలి ఒకర్తి
తెర వదిలేసి, వెనక్కి తిరిగి,
నా కిటికీ రంధ్రం వైపు చాలాసేపు చూసింది.

నిన్న వాడు పోయాడు.
ఫోన్ల నిండా అదే సీను, తెగకుండా, మళ్లీ మళ్లీ,
కింద దండాలూ నవ్వు బొమ్మలూ కలిసిపోయి.
మన టాకీసు ఇప్పుడు ఎరువుల గోడౌను.
యూరియా బస్తాలు సీట్ల వరసల్లోనే పేర్చారు.

బిస్కెట్ల డబ్బా తీశాను.
వీధిదీపానికి ఎదురుగా పట్టుకుంటే
ఫిల్ము రంగులు దిగి ఎర్రబడిపోయింది.
పాలు నిప్పుల్లా ఉన్నాయి.
పదకొండో బొమ్మలో
కాలు లేచింది, కుండ చేతులు వదిలింది,
నేల ఇంకా తగల్లేదు.
అక్కడ బొటనవేలు పెట్టి ఉంచాను.

ఒడియా బడికెళ్లే మనవడు
భుజం మీంచి తొంగిచూశాడు.
ఎవరో తెలీదు వాడికి, ఏమయిందో తెలీదు.
నవ్వేశాడు.
అందరికంటే ముందు.