ముల్లు

అఫ్జల్‌గంజ్‌ల బస్సు మలిగే కాడ
నా బరువు మిషిను.
పొద్దుగాల తడి గుడ్డతోని అద్దం తుడుస్త,
కింది చక్రం ఇంత తిప్పి
ముల్లును సున్న మీద నిలబెడ్త.
ఎక్కువసేపు నిలవదది.
బస్సు పోతే చాలు, వణుకుతది.

బోణి తుల్జమ్మది.
చీపురు గోడకు ఆనిచ్చి, చెప్పులిడిచి
గుడి మెట్టు ఎక్కినట్టు ఎక్కుతది.
"రాత్రంత గీ సడక్ ఊడ్సిన, ఎంత తగ్గిన్నో సూడు."
ఏం తగ్గలే.
మోకాళ్ల వాపు గూడ బరువే గద.

అడ్డా మీది కూలీలు పది దాటినంక వస్తరు,
పని దొరకనోళ్లు.
పార భుజం మీదేసుకొని ఎక్కి నవ్వుకుంటరు.
పార కింద పెట్టి ఎక్కినంక నవ్వరు.

చమేలి పక్క సీటు బస్సుల ఎప్పుడూ ఖాళీనే.
కాలు పెట్టే ముందు అడుగుతది:
"అన్నా, నీ మిషిను ఆడోళ్లదా, మొగోళ్లదా?"
"కిలోలది" అంట.
పది ఇచ్చి చిల్లర తీస్కోదు.

మంగళారం మంగళారం
ఉస్మానియా దవఖాన నుంచి కోస్గి అంజిలమ్మ,
సంకల ఏడేండ్ల పిల్లగాడు.
బరువు పెరగాలన్నడట డాక్టరు.
వాడు ముల్లు దిక్కు చూస్తడు
ఆమె నా దిక్కు చూస్తది
నా బొటనవేలు చక్రం మీద.
"పద్నాలుగు. పెరిగిండమ్మా."
ఆమెకు తెలుసు. నాకు తెలుసని గూడ తెలుసు.
ఆ ఐదు రూపాలు నేను ముట్టను.

మొన్న ఎవరో పెద్దసారు వస్తుండని
ఫుట్‌పాత్ కడిగిన్రు, మమ్ముల్ని గూడ.
మిషిన్ని లారీల ఎక్కిచ్చేటోడు
సరదాకి దాని మీద నిలబడ్డడు.
అరవై ఎనిమిది.
"కరెక్టేనా బే?"
కరెక్టే సార్, అన్న.
ఆ ఒక్క దినం కరెక్టే ఉండె.

మూడు వారాలు గోడౌన్ల.
జుర్మానా ఎనిమిదొందలు.
ఎట్ల జమైనయో అడగకున్రి.
నోట్లల్ల ఒకటి మల్లెపూల వాసనొచ్చింది,
ఇంకోటి ఫినాయిలు.

తెచ్చుకున్నంక ముల్లు సున్న కాడికి వస్తలేదు.
రెండు కిలోల కాడ ఆగింది.
చక్రం తుప్పు పట్టింది, తిరగదు.
ఎవరూ ఎక్కకున్నా
రెండు కిలోలు.

ఇయ్యాల మంగళారం.
చాయ్ రెండుసార్లు తాగిన.
దవఖాన గేటు దిక్కే నా మొఖం.
రా బిడ్డా,
ఇయ్యాల నేను చెయ్యి పెట్టే పని లేదు,
నీ రెండు కిలోలు ఆడనే ఉన్నయి.