ఉప్పు లెక్క

గ్యుమ్రీలో ఆ చలికాలం
గడియారాలన్నీ పదకొండు నలభై ఒకటి దగ్గరే నిలబడి ఉన్నాయి.
భూమి కదిలిన ఊళ్ళో ఇనుప పెట్టెల్లో కాపురాలు.
మా పెట్టెలో ఒక కిరోసిన్ పొయ్యి, తొమ్మిది కుర్చీలు,
యెరెవాన్ నుంచి నేను మోసుకొచ్చిన
మనసు గురించిన పుస్తకాలు, రెండు సంచులు.

గురువారాలు ముసలి డీకన్ హ్రాచ్యా వచ్చేవాడు
చంకలో తోలు అట్ట గ్రంథంతో.
కళ్ళద్దాలకు ఒక పక్క పుల్ల లేదు, దారం.
పొయ్యికి దగ్గరగా జరిగి
కాలిపోయిన ఊరి కథ చదివాడు ఒక రోజు.
వెనక్కి చూడొద్దన్నారు, ఆమె చూసింది,
నిలువునా ఉప్పైపోయింది.
"చెప్పిన మాట వినలేదు" అన్నాడు పేజీ మీద వేలు ఆనించి.
ఆ వేలికి గోరు లేదు.
రాళ్ళు తవ్విన వేలు.

నేనూరుకోలేదు. ముప్పై ఒకటి వయసు, పచ్చి చదువు.
"అది శిక్ష కాదు తాతా" అన్నాను,
"లక్షణం.
చూడలేనిది చూసిన మనిషి బిగుసుకుపోతుంది.
చెయ్యి లేవదు, మాట పెగలదు,
ఏడుపంతా లోపలే ఆవిరై
ఉప్పొక్కటే మిగులుతుంది.
ఎప్పుడో ఎవరో అలాంటి మనిషిని చూసుంటారు.
జబ్బుకు పేరు దొరక్క కథ చెప్పుంటారు.
దేవుడి కోపం తర్వాత అతికించింది."

నా మాటలు నాకే నచ్చాయి.
నోట్‌బుక్కులో రాసుకున్నాను కూడా.
డీకన్ అద్దాలు తీసి తుడిచాడు.
"అయితే ఇందులో దేవుడికి పనేమీ లేదంటావు"
అన్నాడు, కోపంగా కాదు,
ఇల్లు ఖాళీ చెయ్యమంటే
ఎప్పట్లోగా అని అడిగే మనిషిలా.

తలుపు పక్క కుర్చీ వర్సెనిక్‌ది.
డిసెంబరు నుంచి మాట లేదు.
నా ఫైల్లో ఆమె పేరుకు ఎదురుగా ఏం రాశానో చెప్పను.
రోజూ బడి ఉండిన చోటికి వెళ్ళి నిలబడేది
భుజాల మీద మంచు పేరుకునేదాకా.
ఉప్పు గురించి మాట్లాడినంతసేపూ
నేను చూసింది ఆమెనే.
ఆమెకీ తెలుసు.

"లెక్కపెడుతోంది" అంది.

ఎవరూ కదల్లేదు.
తుప్పుపట్టిన గడియ తీసినట్టుంది గొంతు.

"ఆమె. వెనకొచ్చేవాళ్ళని లెక్కపెడుతోంది.
ఇద్దరు కూతుళ్ళు చెయ్యి పట్టుకునే ఉన్నారు, సరే.
అల్లుళ్ళు నవ్వి ఊళ్ళోనే ఉండిపోయారని నువ్వే చదివావు.
మరి ఆ అల్లుళ్ళ పెళ్ళాలు ఎవరి పిల్లలు?
ఎందుకు ఉప్పైందని కొట్టుకుంటున్నారు మీరిద్దరూ.
ఎంతమంది తగ్గారని అడగరేం?"

డీకన్ వేలు పేజీలో వెనక్కి పాకింది.
దొరికింది. ఒక్క వాక్యం.
అరవై ఏళ్ళుగా దాన్ని దాటుకుని నడిచిపోయాడు,
నేను నా పుస్తకాల మీదుగా.

గ్రంథం మూసి ఆయనే అడిగాడు: "ఎంతమంది?"
అలా అడగకూడదు, తొందరపెట్టకూడదు,
అని ఉంది నా చదువులో.

"అరుస్యాక్, మూడో తరగతి.
న్షాన్, ఒకటి.
మా చెల్లెలి కొడుకు తోర్గోమ్.
వాడికి ఆ రోజు దగ్గు.
ఏం కాదు, బడికి పొమ్మన్నది నేనే."

పొయ్యి మీద నీళ్ళు మరిగి మరిగి అడుగంటాయి.

సాయంత్రం బంగాళదుంపల పులుసులో ఉప్పు చాల్లేదు.
డబ్బా బల్ల మీదే ఉంది,
ఎవరి చెయ్యీ అటు పోలేదు.
కాసేపటికి వర్సెనికే లేచి
చిటికెడు చిటికెడు వేసుకుంటూ పోయింది,
తొమ్మిది గిన్నెలు, పెదవులు కదుపుతూ.

మర్నాడు మళ్ళీ బడి చోటే నిలబడింది.
నయమైందని రాయలేదు నేను.
రెండడుగుల దూరంలో డీకన్,
చేతులు కోటు జేబుల్లో,
గ్రంథం తేలేదు,
ఆమె చూస్తున్న వైపే చూస్తున్నాడు.